గణితం మేడమ్, స్టాటిస్టిక్స్ సార్, ఒకే పేపరు

ప్రశ్న

హైదరాబాదులోని ఒక ప్రైవేటు డిగ్రీ కళాశాలలో గణితం బోధిస్తున్న ఒక పాఠకురాలు, తన పేరు వెల్లడించవద్దన్న మనవితో వివరంగా రాసిన ఉత్తరానికి ఇది సారాంశం. ఆమె ఎమ్మెస్సీలో బీజగణితం ప్రత్యేకంగా చదివారు, తొమ్మిదేళ్లుగా పాఠాలు చెబుతున్నారు. ఈ ఏడాది వారి కళాశాలలో డేటా సైన్స్‌తో కూడిన బీఎస్సీ కోర్సు మొదలైంది. అధ్యాపకులు చాలకపోవడంతో, వర్గీకరణ ప్రధానాంశంగా ఉన్న ఒక పేపరులో థియరీని ఈమెకు, ప్రాక్టికల్స్‌ను ఈమెకంటే బాగా సీనియర్ అయిన ఒక స్టాటిస్టిక్స్ అధ్యాపకునికి అప్పగించారు.

మొదటి మూడు వారాలూ ఈమె తుల్య సంబంధాలు, సమితి విభజన (సమితిని ఒకదానితో ఒకటి కలవని భాగాలుగా చీల్చడం), అయిదు క్రమ ఘనాకృతులు, ఎనిమిది మూలకాలున్న సమూహాల (బీజగణితంలోని గ్రూపుల) జాబితా చెప్పారు. అదే సమయంలో ల్యాబ్‌లో సార్ ఐరిస్ పువ్వుల కొలతలతో ప్రోగ్రాములు చేయించారు. ఒకరోజు ఒక విద్యార్థి లేచి, ‘మేడమ్, ఒక పువ్వు రెండు తరగతుల్లో ఉండవచ్చా?’ అని అడిగాడు. ‘ఎట్టి పరిస్థితిలోనూ ఉండదు, ఉంటే అది వర్గీకరణే కాదు’ అని ఈమె బదులిచ్చారు. ఆ అబ్బాయి తన ల్యాబ్ రికార్డు తెరిచి, ఒకే పువ్వుకు ఒక జాతి కింద 0.62, మరో జాతి కింద 0.38 అని అచ్చయిన వరుసను చూపించాడు. క్లాసంతా నవ్వింది. మర్నాడు స్టాఫ్ రూములో అందరి ముందూ సార్, ‘మీ లెక్కల వాళ్లకు వర్గీకరణ అంటే నిర్వచనాలమ్మా, మాకది రోజూ చేసే పని. పిల్లలకు పనికొచ్చేది చెప్పండి’ అన్నారు. ప్రిన్సిపాల్ ఇద్దరినీ పిలిచి, మీలో మీరే తేల్చుకోండని వదిలేశారు. ఇప్పుడు పిల్లల దగ్గర రెండు నోట్సులు ఉన్నాయి, వాళ్లలో వాళ్లకు రెండు పక్షాలు కూడా ఏర్పడ్డాయి.

ఆమె అడుగుతున్నవి ఇవి: మా ఇద్దరిలో ఎవరిది తప్పు? ఈ పేపరు వదులుకోవాలా, ఆయన నోట్సే చెప్పాలా, నా పద్ధతిలోనే సాగాలా? ‘పెద్దాయనతో తగువెందుకు, వదిలెయ్’ అంటున్నారు మావారు. పార్ట్‌టైమ్ పీహెచ్‌డీకి దరఖాస్తు చేయాలనుకుంటున్నాను. ఈ అనుభవం తరువాత బీజగణితం విడిచి డేటా వైపు వెళ్లడమే మంచిదేమో అనిపిస్తోంది, మీరేమంటారు?

సమాధానం

మీ ఇద్దరిలో ఎవరూ పాఠం తప్పు చెప్పలేదు. అయితే ఆ విద్యార్థి అడిగినదానికి మీ జవాబూ సరిపోలేదు, సార్ ఇచ్చిన కాగితమూ సరిపోలేదు. ఆ అబ్బాయి అడిగింది చాలా మంచి ప్రశ్న. గణితంలోనూ సాంఖ్యక శాస్త్రంలోనూ (అంటే స్టాటిస్టిక్స్‌లోనూ) వర్గీకరణ పేరుతో జరిగే పనులు కనీసం నాలుగు ఉన్నాయి. మీరు మొదటిదాని గురించి మాట్లాడుతుండగా అతను మూడోదాని గురించి అడిగాడు. స్టాఫ్ రూములో జరిగిన అవమానాన్ని కాసేపు పక్కన పెట్టి ఆ నాలుగింటినీ విడదీసుకుంటే, మీ ముందున్న దారులు వాటంతటవే కొంత స్పష్టపడతాయని నా నమ్మకం.

మీకు బాగా తెలిసిన దానితోనే మొదలుపెడతాను. గణితంలో ఒక విషయాన్ని వర్గీకరించామని చెప్పాలంటే, ఏయే వస్తువులను ఒకటిగా భావించాలో చెప్పే తుల్య సంబంధాన్ని ముందు నిర్దేశించాలి. తరువాత ఆ సంబంధం కింద మిగిలే రకాలన్నింటి జాబితా ఇచ్చి, అందులో ఏదీ తప్పిపోలేదనీ, ఏదీ రెండుసార్లు రాలేదనీ నిరూపించాలి. క్రమ ఘనాకృతులు అయిదేనని యూక్లిడ్ పదమూడో గ్రంథం చివర చూపినది ఇటువంటి ఫలితమే. పరిమిత సరళ సమూహాల, అంటే ఇంకా చిన్నవాటిగా విడగొట్టలేని సమూహాల, వర్గీకరణ కూడా ఇటువంటిదే, కాకపోతే దాని పరిమాణం వేరు: 18 అనంత కుటుంబాలు, వాటిలో ఇమడని 26 విడి సమూహాలు, సుమారు వందమంది రాసిన వేలాది పేజీల నిరూపణ. 1980లలో పూర్తయిందని ప్రకటించిన ఆ నిరూపణలో మిగిలిపోయిన ఒక పెద్ద ఖాళీని 2004లో ఆష్‌బాకర్, స్మిత్ రెండు సంపుటాలు రాసి పూడ్చారు. అంత కష్టపడి పూడ్చవలసి వచ్చిందంటే, గణితంలో జాబితా సంపూర్ణం కావడమే అసలు విషయం కనుక. ఆ జాబితాలో ‘ఇతరములు’ అనే వరుసకు చోటు లేదు. ఆ 26 సమూహాలకూ ఒక్కొక్కదానికి ఒక్కొక్క పేరుంది.

అయితే మీ పక్షాన నిలబడి మాట్లాడేవారు సైతం ఒక సంగతి ఒప్పుకోవాలి. తరగతులు నిర్వచనంలో స్పష్టంగా ఉన్నంత మాత్రాన, చేతికిచ్చిన వస్తువు ఏ తరగతిదో తేల్చే పద్ధతి ఉందని అర్థం కాదు. నాలుగు మితుల మానిఫోల్డ్‌లను (వంపు తిరిగిన ఉపరితలం వంటివే, మితులు ఎక్కువ) ఒక జతగా ఇస్తే, అవి సంస్థితిశాస్త్ర (టోపాలజీ) రీత్యా, అంటే చింపకుండా అతకకుండా సాగదీస్తే, ఒకటేనా కాదా అని అన్ని సందర్భాల్లోనూ తేల్చగల గణనవిధానం ఉండదని 1958లో ఆంద్రేయ్ మార్కోవ్ నిరూపించాడు. నిర్వచనం ఉంది, తరగతులు ఉన్నాయి, ఏది ఎక్కడిదో చెప్పే సాధారణ మార్గం మాత్రం లేదు. మీ సార్ ‘మాకది పని’ అన్నప్పుడు, వినడానికి కటువుగా ఉన్నా, ఈ తేడానే ఆయన తన పద్ధతిలో చెప్పారనుకోవచ్చు.

ఇక రెండో అర్థం. ఇది జనాభా లెక్కల వాళ్లది, పదో తరగతి పుస్తకంలో పౌనఃపున్య పట్టిక వేసినప్పటి నుంచీ మీ విద్యార్థులకు పరిచయమైనదే. 10–20, 20–30 అని తరగతులు వేసినప్పుడు 20ని ఏ తరగతిలో వేయాలో ముందే ఒక నియమం పెట్టుకుంటాం. ఆ నియమాన్ని ఎవరూ నిరూపించరు, అందరూ కలిసి పాటిస్తారు. 2011 జనాభా లెక్కల్లో ఏడాదిలో ఆరు నెలలు గానీ అంతకంటే ఎక్కువ గానీ పనిచేసినవారు ప్రధాన పనివారు, ఆరు నెలల లోపు చేసినవారు ఉపాంత పనివారు. పాతబస్తీలో ఇంట్లో కూర్చుని లక్క గాజులకు రాళ్లు అతికే ఒకామె ఏడు నెలలు పని చేస్తే ఒక వరుసలోనూ, అయిదు నెలలే దొరికితే మరొక వరుసలోనూ పడుతుంది. ఆమె నైపుణ్యంలో ఏ మార్పూ ఉండదు. అలాగే ఏడేళ్లు నిండని పాప వార్తాపత్రికను గడగడా చదివినా ఆ లెక్కల్లో నిరక్షరాస్యురాలే. పనివారిని సాగుదారులు, వ్యవసాయ కూలీలు, గృహ పరిశ్రమల పనివారు, ఇతర పనివారు అని నాలుగు రకాలు చేశారు కదా, ఆ నాలుగో వరుసలో బస్సు డ్రైవరు, బడిపంతులు, మీరు, మీ సార్ అందరూ కలిసే ఉన్నారు. ఇక్కడ జాబితాను సంపూర్ణం చేసేది ‘ఇతర’ అనే మాట. ప్రతి ఒక్కరూ ఏదో ఒక వరుసలో, ఒకే ఒక్క వరుసలో పడాలన్న షరతు మాత్రం మీ సమితి విభజన షరతే. ఇటువంటి వర్గీకరణను ఒప్పా తప్పా అని అడగడంకన్నా, ఏ ప్రయోజనం కోసం ఆ గీత అక్కడ గీశారు, గీత కాస్త జరిపితే ఏ అంకెలు మారతాయి అని అడగడం ఫలవంతం.

మీ క్లాసులో గొడవకు కారణమైంది మూడో అర్థం, అందుకే దీని దగ్గర ఎక్కువసేపు ఆగుతాను. తరగతులు ఇక్కడ ముందే ఉన్నాయి. కొత్తగా వచ్చిన వస్తువు ఏ తరగతిదో దాని కొలతలను బట్టి ఊహించాలి. 1936లో సాంఖ్యక శాస్త్రవేత్త ఆర్.ఎ. ఫిషర్ తన వ్యాసంలో ఐరిస్ దత్తాంశాన్ని (డేటాను) వాడింది ఇందుకే. వృక్షశాస్త్రవేత్త ఎడ్గార్ ఆండర్సన్ సేకరించిన కొలతల్లోంచి మూడు జాతుల పువ్వులు, జాతికి 50 చొప్పున 150 తీసుకుని, రక్షక పత్రాల పొడవు వెడల్పులు, ఆకర్షణ పత్రాల పొడవు వెడల్పులు అనే నాలుగు అంకెలతో ఏ పువ్వు ఏ జాతిదో విడదీయగల రేఖీయ సూత్రాన్ని ఫిషర్ కట్టాడు. (ఆ వ్యాసం అచ్చయిన పత్రిక పేరులోనే యూజెనిక్స్, అంటే ‘మేలైన’ మనుషుల సంతతినే పెంచాలన్న వాదం, ఉంది. మనుషులను కొలిచి వర్గాలు చేయాలన్న ఆ కాలపు ఆరాటం ఈ శాస్త్రం పుట్టుకలో కలిసి ఉందని పిల్లలకు ఒక్క మాట చెప్పడం అవసరమని నా అభిప్రాయం.) అదే 1936లో మన సాంఖ్యక శాస్త్రవేత్త మహలనోబిస్ రెండు జనసముదాయాల మధ్య దూరాన్ని, కొలతల మధ్య ఉండే పరస్పర సంబంధాన్ని కూడా లెక్కలోకి తీసుకుని కొలిచే పద్ధతిని ప్రచురించారు. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితం ఎమ్మే చదివి, ఆ తరువాత కలకత్తాలో సాంఖ్యక శాస్త్రం నేర్చుకున్న సి.ఆర్. రావు 1946లో కేంబ్రిడ్జికి వెళ్లి, సూడాన్‌లోని జెబెల్ మోయా తవ్వకాల్లో దొరికిన మానవ అస్థిపంజరాల కొలతలపై ఈ దూరాన్నే ప్రయోగించారు. 1948లో వెలువడిన ఆయన వ్యాసం రెండుకంటే ఎక్కువ సముదాయాల మధ్య ఒక వ్యక్తిని ఎక్కడ చేర్చాలన్న సమస్యను క్రమబద్ధం చేసింది. ఆయన పేరిట ఉన్న సంస్థ మన గచ్చిబౌలిలో, హైదరాబాద్ విశ్వవిద్యాలయం ప్రాంగణంలోనే ఉంది. గణితం చదివినవాళ్లకు ఇది పరాయి పొలం కాదని మీ విద్యార్థులకు చెప్పదలిస్తే ఇంతకంటే దగ్గరి ఉదాహరణ దొరకదు.

ఇప్పుడు ఆ 0.62 సంగతి. ఫిషర్ పువ్వుల్లో సెటోసా జాతి మిగిలిన రెండింటి నుంచి పూర్తిగా విడిపోతుంది. వెర్సికలర్, వర్జినికా జాతుల కొలతలు మాత్రం కొంతమేర ఒకదాని మీదికి ఒకటి వస్తాయి. అటువంటి చోట పడిన పువ్వును తీసుకుంటే, అది పుట్టుకతో ఒకే జాతికి చెందినది. ఆ మేరకు మీరు చెప్పినది అక్షరాలా సరైనది. ల్యాబ్ కాగితం చెప్పింది వేరే విషయం: సరిగ్గా ఇవే కొలతలున్న పువ్వులను చాలా పోగుచేస్తే, మనం ఎంచుకున్న నమూనా (మోడల్) ప్రకారం, వాటిలో నూటికి 62 ఒక జాతివి, 38 మరో జాతివి అయి ఉంటాయని. ఆ అంకె మూడు జాతులూ సమానంగా దొరుకుతాయన్న ఊహ మీద కూడా ఆధారపడి ఉంది. జాతికి 50 చొప్పున తీసుకున్నది ఫిషర్ గానీ, పొలంలో అవి సమానంగా పూయాలని నియమమేమీ లేదు. ఒక జాతి అరుదైతే అవే కొలతలకు 0.62 తలకిందులు కావచ్చు. ఇంత వివరణ లేకుండా ఆ వరుసను విద్యార్థి చేతిలో పెట్టడం సార్ వైపు లోపం. ‘ఎట్టి పరిస్థితిలోనూ’ అని తలుపు మూసేయడం మీ వైపు లోపం.

మీ మూడు వారాల పాఠం వృథా కాలేదనడానికి ఇంకొక గట్టి కారణం ఉంది. ఏ వర్గీకరణ సూత్రమైనా చివరికి ప్రతి పువ్వుకూ ఒక పేరు పెడుతుంది. ఒకే పేరు వచ్చిన పువ్వులన్నీ సమానమనుకుంటే అది తుల్య సంబంధమే: పరావర్తన (ప్రతిదీ తనకు తాను సమానం), సౌష్ఠవ (ఇది దానికి సమానమైతే అదీ దీనికి సమానం), సంక్రమణ (మొదటిది రెండోదానికి, రెండోది మూడోదానికి సమానమైతే మొదటిది మూడోదానికీ సమానం) ధర్మాలు మూడూ ఉన్నాయి. కాబట్టి ఆ 150 పువ్వుల సమితి మీద ఒకేసారి రెండు విభజనలు ఉన్నాయి. ఒకటి ప్రకృతి చేసింది, మరొకటి సూత్రం చేసింది. ఆ రెంటినీ ఒకదాని మీద ఒకటి పరిచి, ఒక్కొక్క ఛేదనంలో ఎన్ని మూలకాలు ఉన్నాయో లెక్కపెడితే వచ్చే చతురస్ర పట్టికే మీ సార్ ల్యాబ్‌లో వేయించే కన్ఫ్యూజన్ మ్యాట్రిక్స్. కర్ణం మీద ఉన్నవి రెండు విభజనలూ ఏకీభవించిన పువ్వులు, కర్ణానికి బయట ఉన్నవి తప్పులు. మీ పాఠానికీ ఆయన ప్రాక్టికల్‌కూ మధ్య ఇంత సూటిగా అతికే చోటు మరొకటి నాకు కనిపించలేదు.

అయితే ఆ పట్టిక దగ్గర గణితం ఆగిపోతుంది. అక్కడి నుంచి మీరు ఆయన దగ్గర నేర్చుకోవలసింది మొదలవుతుంది. వెయ్యిమందిలో పదిమందికి ఒక జబ్బు ఉందనుకుందాం. ఒక పరీక్ష ఆ పదిమందిలో తొమ్మిదిమందిని పట్టుకుంటుంది, ఆరోగ్యంగా ఉన్న 990 మందిలో 99 మందిని పొరపాటున జబ్బువారిగా చూపిస్తుంది అనుకుందాం. పరీక్ష వేలెత్తి చూపిన 108 మందిలో నిజంగా జబ్బున్నవారు తొమ్మిదిమందే, అంటే వందకు ఎనిమిది కంటే కాస్త ఎక్కువ. మొత్తం మీద ఈ పరీక్ష 900 మంది విషయంలో సరిగ్గా చెప్పింది. ఎవరినీ పరీక్షించకుండా ‘అందరూ ఆరోగ్యవంతులే’ అని రాసి ఇచ్చేవాడు 990 మంది విషయంలో సరిగ్గా చెబుతాడు! ఒప్పుల శాతాన్ని మాత్రమే చూస్తే ఏ పనీ చేయనివాడే గెలుస్తాడు. కాబట్టి ఇక్కడ ఏ తప్పుకు ఎంత ఖరీదు అన్న ప్రశ్నను తప్పించుకోలేం; జబ్బున్న మనిషిని వదిలేయడం, లేనివాడిని ఇంకో పరీక్షకు పంపడం ఒకే బరువున్న తప్పులు కావు. ఈ తూకం నిర్వచనాల్లోంచి పుట్టదు, సందర్భంలోంచి పుడుతుంది. ఒక్కొక్కప్పుడు ‘ఈ కొలతలతో చెప్పలేం, ఇంకో కొలత తీసుకోండి’ అని సూత్రం నిర్ణయాన్ని వాయిదా వేయడం కూడా న్యాయమే. 0.62 వచ్చిన పువ్వు విషయంలో చాలామంది అలాగే చేస్తారు.

నాలుగో అర్థం క్లస్టరింగ్: పేర్లు ముందుగా లేవు, కొలతలే ఉన్నాయి, గుంపులను మనమే వెతకాలి. పాత సాంఖ్యక శాస్త్ర రచనల్లో వర్గీకరణ అన్న మాట తరచు దీనికే వాడారు, పైన మూడోదిగా చెప్పినదాన్ని విచక్షణ అనేవారు. ఇప్పటి యంత్రాభ్యాసం (మెషీన్ లెర్నింగ్) వాళ్లు ఆ మాటను మూడోదానికి స్థిరపరిచారు. మీ పేపరు సిలబస్‌లో ఈ రెండూ ఒకే యూనిట్‌లో ఉంటే గందరగోళం ఇంకా పెరుగుతుంది, ఒకసారి చూసుకోండి. ఇక్కడ మీ సంక్రమణ ధర్మం అసలైన పని చేస్తుంది. ‘దగ్గరగా ఉండడం’ పరావర్తనమే, సౌష్ఠవమే, కానీ సంక్రమణం కాదు. మన మెట్రోలో మియాపూర్ నుంచి ఎల్బీనగర్ దాకా ఉన్న మార్గం సుమారు 29 కిలోమీటర్లు, 27 స్టేషన్లు. పక్కపక్క స్టేషన్లన్నీ ఒకదానికొకటి దగ్గరే. దగ్గరివన్నీ ఒకే గుంపు అని నియమం పెట్టి, దాన్ని సంక్రమణం చేయడానికి గొలుసుగా పొడిగిస్తే, మియాపూర్, ఎల్బీనగర్ ఒకే తరగతిలోకి వచ్చేస్తాయి. క్లస్టరింగ్‌లో ఏక సంధాన పద్ధతి, అంటే సింగిల్ లింకేజి, సరిగ్గా చేసేది ఇదే. దాని మీద ఎప్పటి నుంచో ఉన్న ఫిర్యాదు కూడా ఈ గొలుసుకట్టు గురించే. మరి వేరే పద్ధతి ఏదైనా అన్ని కోరికలూ తీరుస్తుందా అంటే, 2002లో కంప్యూటర్ శాస్త్రవేత్త క్లైన్‌బర్గ్ మూడు సాధారణమైన కోరికలు చెప్పి అవి మూడూ కలిసి తీరవని నిరూపించాడు. కొలబద్ద మార్చినంత మాత్రాన గుంపులు మారకూడదు. దూరాలను తగినట్టు ఎంచుకుంటే ఏ విభజనైనా రాగలగాలి. గుంపులోని వాటిని ఇంకా దగ్గరకు, వేరు గుంపుల వాటిని ఇంకా దూరానికి జరిపితే ఫలితం అలాగే ఉండాలి. ఒక్కొక్కటి విడిగా చూస్తే ఎవరైనా సరేనంటారు. ఈ సిద్ధాంతం నిరూపణను మీరు క్లాసులో చెప్పగలరు. అది ల్యాబ్ వాళ్లకు కూడా ఉపయోగపడే గణితం.

ఇక మీ ముందున్న దారుల గురించి.

పేపరు వదులుకోవడం చేతకానితనం కాదు. ఈ సెమిస్టరుకు మీకు మిగిలిన క్లాసులు ఎక్కువగా ఉండి, సాంఖ్యక శాస్త్రం చదువుకునే తీరిక లేకపోతే అది సమంజసమే, మీవారు చెప్పినదాంట్లో న్యాయం ఉంది. కానీ రెండు పరిణామాలు ఆలోచించుకోండి. డేటా సైన్స్ కోర్సు వచ్చే ఏడాది రెండో సంవత్సరంలోకి వెళ్తుంది, పేపర్లు పెరుగుతాయి. ఇప్పుడు వదిలేస్తే అప్పుడు టైంటేబుల్ వేసేవాళ్లు మిమ్మల్ని అడగకపోవచ్చు. రెండోది, వదిలేసిన కారణం స్టాఫ్ రూములో ఒక రకంగానూ, క్లాసులో మరో రకంగానూ ప్రచారమవుతుంది, దాన్ని మీరు ఆపలేరు. వదులుకోదలిస్తే సెమిస్టరు మధ్యలో కాకుండా, యూనిట్ పూర్తి చేసి, ప్రిన్సిపాల్‌కు రాతపూర్వకంగా కారణం చెప్పి వదులుకోవడం మేలు.

సార్ నోట్సే చెప్పడం పిల్లలకు తక్షణం సుఖంగా ఉంటుంది. పరీక్ష దగ్గరపడితే ఇదే సరైన దారి కావచ్చు కూడా, ఎందుకంటే రెండు నోట్సుల మధ్య నలిగేది వాళ్లే. ఇబ్బంది ఎక్కడంటే, ఇతరుల నోట్సు చెబుతున్నప్పుడు మొదటి ప్రశ్న వచ్చే దాకానే ధైర్యం ఉంటుంది. ఆ అబ్బాయి మళ్లీ అడుగుతాడు, అడగాలి కూడా. కాబట్టి ఈ దారి పడితే, పైన చెప్పిన వెయ్యిమంది లెక్క వంటివి కొన్ని మీరే కాగితం మీద చేసి చూసుకున్నాక పట్టండి.

మీ పద్ధతిలోనే సాగడం గురించి ఎక్కువ చెప్పను. మీరు చెప్పేది గణితంగా నిర్దోషం, పేపరు ఉద్దేశానికి మాత్రం అది ముందుమాటే. యూనిట్ అంతా ముందుమాటతో గడిస్తే విద్యార్థులు న్యాయంగానే ఫిర్యాదు చేస్తారు.

నాకు ఎక్కువ ఆశ కనిపించేది నాలుగో దారిలో. విభజన, తుల్య సంబంధం మీరు రెండు గంటల్లో ముగించి, ఆ వెంటనే ఒక క్లాసు ఇద్దరూ కలిసి తీసుకోవడం: ఆయన ఐరిస్ ఫలితాన్ని తెర మీద పెడతారు, మీరు దాన్ని రెండు విభజనల పట్టికగా విడదీసి చూపిస్తారు, 0.62కు అర్థం ఆయన చెబుతారు. దీనికి ఆయన ఒప్పుకోవాలి, అదే దీని బలహీనత. సీనియర్ అయిన మనిషి, పదిమంది ముందు ఒక మాట అనేశారు. అదే పదిమంది ముందు మీరు దాన్ని సరిదిద్దమంటే ఆయన వెనక్కి తగ్గలేరు. ల్యాబ్ అయిపోయాక ఒంటరిగా వెళ్లి, ‘సార్, ఆ అబ్బాయి ప్రశ్నకు నేను సగమే చెప్పాను. ఆ సంభావ్యత ఎలా వస్తుందో నాకు ఒకసారి చూపిస్తారా? విభజనల వైపు నుంచి నేనొక పట్టిక వేశాను, మీరు చూసి చెప్పండి’ అని అడగవచ్చు. ఇందులో మీరు తగ్గింది లేదు, ఆయనకు తెలిసినది ఆయనను అడిగారు, మీకు తెలిసినది ముందు పెట్టారు. ఆయన అప్పటికీ కాదంటే, మీకు పోయేదేమీ లేదు. ఆ పట్టికను మీ క్లాసులో మీరొక్కరే చెప్పవచ్చు, దానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు. కాదన్న సంగతిని మాత్రం పిల్లల దగ్గర ప్రస్తావించకండి.

ఏ దారి పట్టినా, ఇంటర్నల్ ప్రశ్నపత్రంలో ‘వర్గీకరణను నిర్వచించండి’ అన్న ప్రశ్న ఈసారికి వద్దు. ఏ నోట్సు చదివినవారు ఆ నోట్సు రాస్తారు, ఏది దిద్దినా రెండో పక్షానికి అన్యాయమే అవుతుంది. ఒక చిన్న పట్టిక ఇచ్చి, ఇందులో ఏ వస్తువులు తప్పు తరగతిలో పడ్డాయి, ఏ తప్పు ఖరీదైనది, ఎందుకు అని అడగండి. రెండు నోట్సుల వాళ్లూ రాయగలరు.

పీహెచ్‌డీ విషయంలో, స్టాఫ్ రూములో పడ్డ మాట వల్ల విషయం మార్చుకోవడాన్ని నేను ప్రోత్సహించను. డేటా వైపు ఆసక్తి నిజంగా ఉంటే అది వేరు. బీజగణితంలోనే ఉంటే మీ తొమ్మిదేళ్ల పునాది పనికొస్తుంది, మార్గదర్శకులు మాత్రం తక్కువమంది దొరుకుతారు. పూర్తిగా సాంఖ్యక శాస్త్రానికి మారితే సంభావ్యత, బహుచలరాశి విశ్లేషణ మొదటి నుంచి చదవాలి. ఉద్యోగం చేస్తూ దానికి పట్టే కాలం తక్కువేమీ కాదు. రెండింటికీ మధ్య నిజమైన పరిశోధన రంగాలు ఉన్నాయన్నది చాలామందికి తెలియదు. 1998లో డయాకోనిస్, స్టర్మ్‌ఫెల్స్ రాసిన వ్యాసం తరువాత బలపడిన బీజీయ సాంఖ్యక శాస్త్రం, అంటే సాంఖ్యక సమస్యలకు బీజగణితాన్ని వాడే రంగం, ఒకటి. దత్తాంశం ఆకారాన్ని సంస్థితిశాస్త్రంతో చదివే పద్ధతి మరొకటి. పైన చెప్పిన మెట్రో గొలుసు దానిలో అతి సరళమైన సందర్భం. హైదరాబాద్ విశ్వవిద్యాలయంలో గణితం, సాంఖ్యక శాస్త్రం ఒకే స్కూలు కింద ఉన్నాయి; హబ్సిగూడలో ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ శాఖ ఉంది. పార్ట్‌టైమ్ ప్రవేశాల నియమాలు సంస్థకొక రకంగా ఉంటాయి కాబట్టి ముందు అవి కనుక్కోండి. ఆ తరువాత, మీకు నచ్చిన ఒకరిద్దరు ఆచార్యుల ఇటీవలి వ్యాసాలు తీసుకుని, దసరా సెలవుల్లో కూర్చుని ఎంతవరకు చదవగలరో చూడండి. మొదటి రెండు పేజీలు దాటగలిగితే వారికి ఉత్తరం రాయవచ్చు. దాటలేకపోతే ఏ పాఠ్యపుస్తకంతో మొదలుపెట్టాలని అడుగుతూ రాయవచ్చు. రెండో రకం ఉత్తరానికి కూడా ఆచార్యులు జవాబిస్తారు.